పారాయణంలో రంగురాళ్ళు

గిరిజాకుమారి గారు తెనాలిలో ఆడపిల్లల హైస్కూల్లో లెక్కల టీచరుగా చేసి రిటైరయ్యారు. పరీక్ష హాల్లోకి ఆవిడ వస్తున్నారంటే పిల్లలు జామెట్రీ బాక్సుల్లో దాచుకున్న చీటీలు తీసి కిటికీలోంచి పారేసేవారట. ఆ మాట ఆవిడే చెప్పేవారు, చెప్పినప్పుడల్లా కళ్ళజోడు సవరించుకునేవారు. మనవరాలి బారసాలకని 2020 ఫిబ్రవరిలో డబ్లిన్ వచ్చారు. మూడు నెలలు ఉండి వెళ్ళిపోదామనుకున్న మనిషి, విమానాలు ఆగిపోయి, చెర్రీవుడ్‌లో కూతురు ఆమని అపార్ట్‌మెంట్‌లో ఇరుక్కుపోయారు.

ఖాళీగా కూర్చోవడం ఆవిడకి చేతకాదు. ఆమని, అల్లుడు చెరో గదిలో తలుపులేసుకుని ఆఫీసు కాల్స్‌లో ఉంటారు. పాప నిద్రపోతుంది. కిటికీలోంచి చూస్తే లువాస్ రైలు ఒక్క మనిషి లేకుండా వస్తూ పోతూ ఉంటుంది. నెల తిరక్కుండా ఆవిడ మా తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపులో ఓ మెసేజ్ పెట్టారు: శుక్రవారం సాయంత్రం వీడియో కాల్‌లో అమ్మవారి నామపారాయణం, ఆసక్తి ఉన్నవాళ్ళు స్నానం చేసి రావలెను. ఆ 'వలెను' చూసి నేను నవ్వుకున్నాను. నవ్వుకుంటూనే స్నానం చేసి వెళ్ళాను.

వెళ్ళాక మానలేకపోయాను. ఆ గొంతు అలాంటిది. అందరం మ్యూట్‌లో ఉండి పెదాలు కదిపేవాళ్ళం, ఆవిడ ఒక్కరే పైకి చదివేవారు. పుస్తకం లేకుండా, ఒక్క నామం తడబడకుండా. కార్క్ నుంచి, గాల్వే నుంచి, లిమరిక్ నుంచి జనం చేరారు. రిటైరై కొడుకు దగ్గరికొచ్చి ఇక్కడే చిక్కుకుపోయిన హనుమత్‌ప్రసాద్ గారైతే పట్టుపంచె కట్టుకుని కూర్చునేవారు. నోటికి రానివాళ్ళ కోసం నేను శాండీఫోర్డ్‌లో మా ఇంటి నుంచి నా టాబ్లెట్ తెర అందరికీ కనబడేలా పెట్టి పేజీలు తిప్పేదాన్ని. పొగ అలారం మోగుతుందని అగరొత్తులు వెలిగించేవాళ్ళం కాదు. చివర్లో ఎవరింట్లో చేసుకున్న ప్రసాదం వాళ్ళు కెమెరాకి చూపించి, వాళ్ళే తినేవాళ్ళం.

ఇన్ని నామాలు ఎలా నేర్చుకున్నారని ఒకరోజు ఎవరో అడిగితే ఆవిడ చెప్పిన సంగతి మా అందరికీ గుర్తుండిపోయింది. కొత్తకోడలిగా వెళ్ళినప్పుడు నెలలో ఆ మూడు రోజులూ ఆవిడని పెరటి వసారాలో కూర్చోబెట్టేవారట. లోపల అత్తగారి పారాయణం. తలుపు బయట ఈవిడ. ఓ శుక్రవారం ఈవిడ తలుపు దగ్గరికి జరిగి వింటూంటే ఆడపడుచు చూసి కసిరిందట. అప్పుడు అత్తగారు లోపల్నుంచే, విననీ, వినడానికి అంటు లేదు అన్నారట. అలా నెలనెలా తలుపు బయట కూర్చుని విన్నదే నా చదువు అని గిరిజాకుమారి గారు చెబుతూంటే నాకు కళ్ళనీళ్ళు తిరిగాయి. ఆ కథ ఆవిడ తర్వాత ఇంకా రెండు మూడుసార్లు చెప్పారు. ప్రతిసారీ బాగానే ఉండేది.

కానీ ఆవిడలో టీచరమ్మ రిటైర్ కాలేదు. కెమెరా తప్పకుండా తెరిచి ఉంచాలి. మధ్యలో లేవకూడదు. ఆవులించకూడదు. పాపం లిమరిక్ డాక్టరు భానుమతి, డ్యూటీ దిగి వచ్చి కునికిందని, పారాయణం అయ్యాక అందరిముందూ ఆవిడకి క్లాసు పీకారు. మేమెవరం అడ్డు చెప్పలేదు. గిరిజాకుమారి గారు మాత్రం కళ్ళు దించుకుని, పెదాలు కదుపుతూ, దీపం వెలుగులో విగ్రహంలా కూర్చునేవారు. ఏకాగ్రత అంటే అదండీ అని హనుమత్‌ప్రసాద్ గారు అనేవారు.

ఆ ఏకాగ్రత సంగతి చెప్పాలంటే మా అమ్మాయి ఆశ్రిత గురించి చెప్పాలి. ఆ వేసవిలో ఆంక్షలు కాస్త సడలినప్పుడు మేం చెర్రీవుడ్ వెళ్ళి, వాళ్ళింటి కింద గడ్డిలో ఎడంఎడంగా కూర్చుని పులిహోర తిన్నాం. ఆమని కొత్తగా కొనిచ్చిన టాబ్లెట్ పెద్దావిడ ఒళ్ళో ఉంది. ఆశ్రిత దాన్ని తీసుకుని ఓ ఆట పెట్టిచ్చింది. రంగురంగుల రాళ్ళు తెరమీద పడుతుంటాయి, ఒకే రంగువి మూడు ఒక వరసలోకి తెస్తే పగిలిపోతాయి, అంతే. ఆ టాబ్లెట్‌లో పుట్టుకతోనే ఓ సర్వీసు ఉంటుంది. ఆటలాడేవాళ్ళని స్నేహితులుగా కలుపుతుంది, ఎవరికెంత స్కోరు వచ్చిందో ఒకరిది ఒకరికి చెబుతుంది. ఆశ్రిత దాన్ని కూడా తెరిచి, ఆవిడకి 'గిరిజా క్వీన్' అని పేరు పెట్టి, ఫోన్ నంబర్లలో దొరికిన వాళ్ళందర్నీ కలిపేసింది. ఆవిడ ఆ పేరు చూసి మురిసిపోయి, మిగతాది పట్టించుకోలేదు.

తర్వాత జరిగింది ఆవిడే నాతో చెప్పారు. మొదట పాప నిద్రపోయినప్పుడు ఆడేవారట. తర్వాత కుక్కర్ విజిల్ వచ్చేలోపు. చలికాలం వచ్చి, మళ్ళీ అన్నీ మూసేసి, ఇంటి నుంచి అయిదు కిలోమీటర్లు దాటితే గార్డులు, అంటే ఇక్కడి పోలీసులు, ఆపుతారన్నాక, పొద్దస్తమానం అదే. పారాయణం ఆమని లాప్‌టాప్‌లో జరిగేది. నామాలు నోటికే కదా వచ్చు, చేతులు ఖాళీగా ఉన్నాయి. బల్ల కింద, ఒళ్ళో, టాబ్లెట్. నోరు నామాలు చదువుతుంది, వేలు రాళ్ళు జరుపుతుంది. మేము కళ్ళు దించుకున్న ఆవిడని చూసి చెంపలేసుకునేవాళ్ళం.

జనవరిలో ఓ శుక్రవారం తెరమీద కిరణ్మయి చదరం నల్లగా ఉంది.

కిరణ్మయిది కరీంనగర్. కార్క్ దగ్గర రింగాస్కిడీలో మందుల ఫ్యాక్టరీలో క్వాలిటీ పని. అందరం ఇళ్ళల్లో కూర్చుంటే ఆ అమ్మాయి రోజూ కారేసుకుని ఫ్యాక్టరీకి వెళ్ళేది. మాట తక్కువ. ఒక్క శుక్రవారం మానలేదు. ఆ రోజు మాత్రం కెమెరా లేదు. గిరిజాకుమారి గారు మొదలుపెట్టబోయి ఆగి, కిరణ్మయీ కెమెరా ఏమైంది అని అడిగారు. కాసేపటికి చాట్‌లో, 'ఇయాల వింటనమ్మా' అని ఒక్క ముక్క వచ్చింది.

"వినడానికి ఇది రేడియో కాదు," అన్నారు ఆవిడ. "అమ్మవారి ముందు గంటసేపు మొహం చూపించి కూర్చోలేని వాళ్ళు రావక్కర్లేదు."

చదరం కాసేపు అలాగే ఉండి, మాయమైపోయింది. మిగతావి జరిగి ఆ ఖాళీని నింపేశాయి. హనుమత్‌ప్రసాద్ గారు తల ఊపారు. ఆవిడ పారాయణం మొదలుపెట్టారు. నాకు మనసులో చివుక్కుమంది, కానీ నేనూ పేజీ తిప్పాను. కిరణ్మయి ఆ తర్వాత రాలేదు.

కొన్ని వారాలు గడిచాయి. ఓ శుక్రవారం పారాయణం సగంలో ఉండగా, నా టాబ్లెట్ తెరమీద, అంటే అందరి తెరలమీదా, నామాల నెత్తిన పైనుంచి ఓ పట్టీ జారుకుంటూ దిగింది. పక్కన ఓ కిరీటం బొమ్మ. 'గిరిజా క్వీన్ ఇప్పుడే మీ స్కోరు దాటేసింది' అని ఇంగ్లీషులో. నా టాబ్లెట్‌లో ఆశ్రిత ఖాతా ఉందని నాకు గుర్తే లేదు. నేను చెయ్యి పెట్టి దాన్ని పైకి తోసేలోపు అందరూ చదివేశారు. చదవడానికే కదా అందరూ తెర చూస్తున్నది.

ఆవిడ గొంతు ఆగింది. అన్ని నెలల్లో అదే మొదటిసారి. లాప్‌టాప్ వెలుగులో ఆవిడ మొహం తెల్లబోయి, చేతులు బల్లకిందనుంచి పైకొచ్చాయి. తర్వాత మళ్ళీ మొదలుపెట్టారు, కానీ అప్పటికే అయిపోయిన నామం దగ్గర్నుంచి. ఎవరూ నవ్వలేదు. నవ్వినా బాగుండేది. చివర్లో ఒకరు రవ్వకేసరి, ఒకరు అరటిపండు కెమెరాకి చూపించారు, హనుమత్‌ప్రసాద్ గారు గ్లాసులో పాలు చూపించి, కాల్ కట్ చేశారు. తర్వాత ఒక్కొక్కరుగా అందరూ అలాగే వెళ్ళిపోయారు.

మర్నాడు పొద్దున్నే ఆవిడ ఫోన్. ముందు నామీద పడ్డారు. మీ పిల్ల నా టాబ్లెట్‌లో ఏం పెట్టింది, అడక్కుండా ఎందుకు పెట్టింది, పెద్దవాళ్ళ వస్తువు ముట్టుకోకూడదని నేర్పలేదా. నాకు ఒళ్ళు మండింది. పిల్ల ఆట పెట్టింది గానీ పారాయణంలో ఆడమని చెప్పలేదు కదండీ అన్నాను. ఆవిడ గొంతు బాగా తగ్గించి, దాన్ని తీసేయడం ఎలాగో చెప్పమ్మా, ఆమనిని అడగడానికి మొహం చెల్లట్లేదు అన్నారు. రాత్రి ఆమని వంటింటి అలమరలో గిన్నెలు గట్టిగా సర్దిందట, అంతే.

నేను ఫోన్‌లో చెబుతుంటే ఆవిడ టాబ్లెట్ మీద వేలు పెట్టి నడిచారు. సెట్టింగ్స్‌లోకి వెళ్ళండి, కిందికి జరపండి, ఆటల సర్వీసు పేరు కనబడుతుంది, నొక్కండి. పైన మీ పేరుంటుంది. ఉంది, గిరిజా క్వీన్, అన్నారు, ఆ పేరు పలకడానికి ఆవిడకి ఎంత కష్టమైందో నాకు వినబడింది. అక్కడ ఆకుపచ్చగా ఉన్న మీట ఆపేస్తే సరి అన్నాను. ఆవిడ ఆపలేదు. కింద స్నేహితులని ఏదో ఉంది అంటూ దాన్ని తెరిచారు. లెక్కల టీచరు కదా, ఏదీ చదవకుండా వదలరు. ఒక్కొక్కరి పేరూ పైకి చదువుతూ వచ్చారు. ఆశ్రిత, ఆమని, భానుమతి. ఆ తర్వాత ఆగిపోయారు.

"ఇందులో కిరణ్మయి పేరెందుకుంది?"

ఆశ్రిత అందర్నీ కలిపిందని చెప్పాను.

"అయితే నేను ఆడేటప్పుడు ఆ అమ్మాయికి తెలుస్తుందా?"

తెలుస్తుంది అన్నాను. ఎవరు ఎప్పుడు ఆడారో కూడా చూపిస్తుంది అన్నాను. ఆ రోజు కూడానా అని అడిగారు. ఏ రోజని నేను అడగలేదు. ఇప్పుడు ఆపేస్తే ఆ అమ్మాయి చూసింది పోతుందా అన్నారు. అది పోదండీ అన్నాను. ఓ నిట్టూర్పు. మీట ఆపేశారు. పేర్లన్నీ పోయాయమ్మా అన్నారు. ఇక ఎవరికీ ఏమీ కనబడదు. ఆవిడ కావాలనుకున్నది అదే, కానీ గొంతులో తేలికపడ్డ జాడేమీ లేదు.

నేను ఫోన్ పెట్టేయబోతుంటే, కిరణ్మయికి ఫోన్ కలుపు, నువ్వు కూడా లైన్లో ఉండు అన్నారు. నలభై ఏళ్ళు పిల్లల్ని హడలెత్తించిన మనిషి నన్ను తోడు ఉండమని అడుగుతుంటే నాకే సిగ్గేసింది. కలిపాను. కిరణ్మయి ఫ్యాక్టరీ కార్ పార్కులో ఉంది, షిఫ్టు దిగి. సముద్రపు గాలి ఫోన్‌లోకి కొడుతోంది. కారెక్కి తలుపేసుకున్నాక మాట స్పష్టమైంది. గిరిజాకుమారి గారు ఉపోద్ఘాతం లేకుండా, ఆ రోజు నిన్ను అలా అని ఉండకూడదు, కెమెరా ఎందుకు లేదో కనుక్కుని ఉండాల్సింది అన్నారు.

"ఎట్ల చెప్తనమ్మా," అంది కిరణ్మయి. "నాకు ఆ రోజు నెలసరి. దేవుని ముంగట కూసోరాదు. హనుమత్‌ప్రసాద్ అంకుల్ ఉన్నరు, అందరున్నరు. ఏమని చెప్పాలె?"

కిరణ్మయి అక్కడితో ఆగలేదు.

"మీరే చెప్పిన్రు గదా, తలుపు బయట కూసొని విన్నరని. వినడానికి అంటు లేదని. మీ కథ యాది చేసుకునే వచ్చిన. నాకు ఈడ తలుపేడిదమ్మా? కెమెరా బంద్ జేసుకుంటే అదే తలుపనుకున్న."

మేమందరం ఆ కథ విని కళ్ళు తుడుచుకున్నవాళ్ళమే. ఒక్కరికైనా ఆ నల్ల చదరాన్ని చూసి ఆ వసారా గుర్తు రాలేదు. చెప్పిన ఆవిడకే రాలేదు.

గిరిజాకుమారి గారు, నేను ఆడుతున్నట్టు నీకు తెలుసా అని అడిగారు. ఆ అమ్మాయి చెప్పడానికి ఇష్టపడలేదు. పోనీయండమ్మా అంది. ఆవిడ వదల్లేదు. చెప్పు, తెలుసుకోవాలి అన్నారు.

"కాల్‌లకెల్లి బయటికొచ్చిన గదా. ఏం తోచలే. మా బాబు ఆడుకునే టాబ్లెట్, నా పేరు మీదనే ఉంటది గద, అట్లనే చేతిలోకి తీసుకున్న. మీరు ఆట ఆడుతున్నరని చూపెట్టింది. అప్పుడు అక్కడ పారాయణం నడుస్తనే ఉంది." కిరణ్మయి మెల్లగా అంది. "నేను తప్పుగ చూసిన్నేమో అనుకున్న. పై శుక్రవారం మళ్ళ చూసిన."

ఎవరికీ చెప్పలేదేం తల్లీ అన్నారు ఆవిడ.

"చెప్తే పారాయణం ఆగిపోతది గదమ్మా. అందరు మీ గొంతు కోసం వస్తరు. నేనూ దానికే వచ్చేది."

ఆ అమ్మాయి గొంతులో కోపం లేదు. ఉండి ఉంటే గిరిజాకుమారి గారు కోపంతోనే సమాధానం చెప్పుకునేవారేమో. ఆవిడ ఏడ్చారు. పైకి, ముక్కు చీదుకుంటూ, ఓ పెద్ద మనిషి ఏడవకూడనట్టుగా ఏడ్చారు. నన్ను క్షమించమ్మా అనలేకపోయారు, సగంలో మాట తెగిపోయింది. కిరణ్మయి డ్రైవింగ్ ఉందమ్మా, ఇంటికి పోవాలె అని పెట్టేసింది. వస్తానని చెప్పలేదు, రాననీ చెప్పలేదు.

పై శుక్రవారం సగంమందే వచ్చారు. హనుమత్‌ప్రసాద్ గారు వచ్చారు, పట్టుపంచె లేదు, స్వెట్టర్ వేసుకున్నారు. గిరిజాకుమారి గారి మొహం వాచి ఉంది. ఆవిడ వెనకాల సోఫాలో ఆమని పాపని ఎత్తుకుని కూర్చుంది, ఎప్పుడూ అలా కూర్చునేది కాదు. ఇంకా మొదలుపెట్టక ముందు కిరణ్మయి పేరు తెరమీదికి వచ్చింది. కెమెరా తెరిచే ఉంది. తల దువ్వుకుని, బొట్టు పెట్టుకుని, వెనకాల స్టీలు కుందిలో దీపం.

గిరిజాకుమారి గారు కళ్ళజోడు తీసి పక్కన పెట్టారు. ఆ రోజు తెరమీద మీరు చూసింది నిజమే, చాలా నెలలుగా పారాయణం చేస్తూ ఒళ్ళో ఆట ఆడుతున్నాను అన్నారు. టాబ్లెట్ చెడిపోయిందనీ, పిల్లలెవరో నొక్కారనీ అనుకోవద్దు, నేనే అన్నారు. ఆటల సర్వీసు ఆపేశాను కానీ, ఆపాల్సింది అది కాదు అన్నారు. భానుమతికి క్షమాపణ చెప్పారు. తర్వాత కిరణ్మయి పేరెత్తి, ఈ అమ్మాయి నెలరోజుల కిందట ఇక్కడికి వినడానికి వచ్చింది, ఎందుకు మొహం చూపించలేదో నాకు తెలిసి ఉండాల్సింది, ఈ గ్రూపులో అందరికన్నా ముందు నాకు తెలిసి ఉండాల్సింది, తెలియలేదు, తరిమేశాను అన్నారు. ఆడవాళ్ళలో కొందరికి అప్పుడే అర్థమైంది. భానుమతి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"నేను కూర్చోవాల్సిన చోటు ఇది కాదు," అన్నారు ఆవిడ. "ఇవాళ నువ్వు చదువు తల్లీ."

కిరణ్మయి కంగారు పడింది. నాకు నోటికి రాదమ్మా, చూసి చదువుతా అంది. చూసే చదువు అన్నారు. ఆ మాటతో ఆవిడ చదరం నల్లబడింది.

నేను టాబ్లెట్ తెర పెట్టాను. ముందే నోటిఫికేషన్లన్నీ ఆపేసి, ఆశ్రిత ఖాతా తీసేసి పెట్టుకున్నాను. కిరణ్మయి చదవడం మొదలుపెట్టింది. గిరిజాకుమారి గారి ధార కాదది. పెద్ద సమాసాల దగ్గర ఆగి, విరిచి, మళ్ళీ వెనక్కి వెళ్ళి చదివింది. రెండు చోట్ల తప్పు పోయింది. ఆ నల్ల చదరంలోంచి సవరింపు వస్తుందేమోనని మేమందరం ఊపిరి బిగబట్టుకున్నాం. రాలేదు.

సగం అయ్యాక హనుమత్‌ప్రసాద్ గారు ఆగలేకపోయారు. పద్ధతి మనిషి. మ్యూట్ తీసి, గిరిజాకుమారి గారూ, అసలు ఉన్నారా అండీ, కెమెరా తెరవాలని మీరే కదా నియమం పెట్టింది అన్నారు. ఆ చదరం నల్లగానే ఉంది. కిరణ్మయి చదువుతున్న చోట వేలు పెట్టుకుని తల ఎత్తింది.

"ఉండనీయుండ్రి అంకుల్. అమ్మ వింటున్నరు," అని, మళ్ళీ మొదలుపెట్టింది.